దొర కోసం తారు పూయని దోనె

చిరంజీవి ముత్యాలరాజుకు, కొల్లేటి లంకలో మీ నాన్నతో కాపురముంటున్న నీ తల్లి నూకరత్నం, అరవై ఏళ్లది, చెప్పి రాయించిన కార్డు. దోనె తప్ప అందరం క్షేమం. మూడేళ్ల కిందట మీ నాన్ననూ దోనెనూ పెట్టి సినిమా సగం తీసి వెళ్లిన తెల్లదొర, తాను తిరిగొచ్చేదాకా ఇద్దరి రూపూ మార్చవద్దన్నాడు గదా. మీ నాన్న నేటికీ తారు పూయలేదు, గడ్డమూ తీయలేదు. నిన్న నడి కొల్లేట్లో దోనెలోకి మోకాలిలోతు నీరొచ్చింది.

"మాటిచ్చానే" అంటారు.

"ఆ మాట మిమ్మల్ని ఒడ్డుకు చేరుస్తుందాండీ?" అన్నాను.

ఆ దొర సామాను మోస్తూ వెళ్లి మద్రాసు స్టూడియోలో కుదిరినవాడివి, ఆయన వస్తాడో రాడో కనుక్కో. నీ దగ్గు తగ్గిందా? మంగళవారంలోగా జాబు రాకపోతే తారు నేనే పూస్తాను. గడ్డం సంగతి నువ్వొచ్చి చూడు. పెద్దింటమ్మ తల్లి నిన్ను చల్లగా చూడాలి. ఈ మాట మీ నాన్నకూ చెప్పాను; చెప్పలేదని రేపు ఆయన అనకుండా సాక్షులను పెట్టాను.

నూకరత్నం వేలిముద్ర
సాక్షులు: మార్తమ్మ టీచరు (రాసినది), సీమోను