మూడు గాట్ల మద్ది మాను

1953 ఏప్రిల్, బుధవారం. ఆత్మకూరు.

ఈ రోజు కట్టెల అడితిలో నా చేతులతో నేను కోసింది మా నాయన తేనెచెట్టు. ఉదయగిరి కొండ నుంచి బండ్లలో దిగిన మొద్దుల్లో ఆ మద్ది మాను ఉంది. బెరడు మీద మూడు గొడ్డలి గాట్లు, మా నాయన తన చెట్లకు పెట్టుకునే గుర్తు. మూడోది నాకు ఏడేళ్లప్పుడు నాయన నా చెయ్యి పట్టుకుని పెట్టించాడు. గాట్లున్న చెట్టును ఎవరూ నరకకూడదని మా కొండలో కట్టుబాటు. తేనె తీసినా ఈగలకు సగం తేనెపట్టు వదిలే దిగేవాళ్లం.

"దీన్ని నరికేదానికి మీకు చేతులెట్లా వచ్చినాయి?" అని మేస్త్రీ మీదికి పోయాను.

వాడు బీడీ తీసి నవ్వాడు. "నువ్వే గదరా చెప్పినావు! గాట్లుండే మాన్లను తాతల నాటి నుంచి ఎవురూ ముట్టలేదని, ఇద్దరు చేతులు కలిపినా చుట్టూ అందవని. మాకు వెతికే పని తప్పినాది. కొండ మీద ఇట్లాంటివి ఇంకా పదకొండు ఉండాయంట, పొయ్యి రంపం పట్టు."

నిజమే. పోయిన నెల టీ తాగుతూ కొండ గురించి గొప్పలు పోయాను. థూ, నా నోరు పడిపోను! వాడి పళ్లు రాలగొట్టాలనుకున్నాను. రాలగొట్టలేదు. రంపం పట్టాను. తొర్రలో ఎండిన పట్టు ముక్క ఇంకా అతుక్కునే ఉంది...

రేపు పనికి పోను. పోతే పోనీ ఈ పని. కొండెక్కి, బంకమన్నులో బెరడు పొడి కలిపి నరికేవాళ్లకు ఆనవాలు దొరక్కుండా ఆ పదకొండు మాన్ల మీది గాట్లూ పూడ్చేస్తాను. ఆ తర్వాత నాయన తన చెట్లను ఎట్లా గుర్తుపడతాడో, నన్నేమని అడుగుతాడో...