వార్తల చివర గాజుల చప్పుడు

అత్తయ్యా,

మాదాపూర్‌లో గుండ్రంగా కడుతున్న ఆ పెద్ద మేడ గుర్తుందా? బస్సులోంచి చూసి, "గుండ్రటి ఇంట్లో చీపురు ఏ మూల పెడతారమ్మాయ్?" అన్నారు మీరు. దాని ప్రారంభోత్సవం వార్త ఈ ఉదయం రేడియోలో నేనే చదివాను. మీ చీపురు గుర్తొచ్చి, నవ్వు ఆపుకోవడానికి నా తల ప్రాణం తోకకొచ్చింది.

స్టూడియోలో గాజులు మోగకూడదు, తీసేస్తానంటే మీరు ఒప్పుకోలేదు. మీ చేతిరుమాలు వాటి మీద చుట్టి పంపేవారు. పైగా, "రేడియోలో నీ గొంతు వేరేలా ఉంటుంది. నువ్వేనని నాకెలా తెలుస్తుంది?" అన్నారు. అందుకే వార్తలు ముగియగానే రుమాలు విప్పి, మీ కోసం ఒక్కసారి గాజులు మోగించేదాన్ని. అది మనిద్దరి రహస్యమనే అనుకున్నాను.

మీరు వెళ్లిపోయి ఇవాళ్టికి ఏడాది. ఈ ఏడాదిలో ఒక్కరోజూ రుమాలు విప్పలేదు. ఇవాళ ఆ వార్త చదివిన సంతోషంలో విప్పేసి మోగించాను.

బయటికి రాగానే మా ఇంజినీరు యాదగిరి గారు నవ్వుతూ ఎదురొచ్చారు.

"ఇన్ని దినాలకు మోగినయి మేడం."

"మీకు తెలుసా?"

"తెల్వకేంది. మీ మాట అయిపోంగనే మైకు బంద్ చెయ్యాలె. గాజుల కోసమని జర ఆగేటోణ్ణి."

"మరి ఈ ఏడాదంతా?"

"రోజూ ఆగిన."

అత్తయ్యా, రేపటి నుంచి రుమాలు ముడి కాస్త వదులుగా వేసుకుంటాను.