గెలిచినాయన పేరు

అమ్మా,

నువ్వు పోయి ఇవాళ్టికి ఏడాది. నేను మాత్రం మామూలుగానే ఇక్కడ ఖతర్‌లో, మెసయీద్‌లో డ్యూటీకి వెళ్ళాను.

చాయ్ తాగుతుంటే మా సూపర్‌వైజర్ బ్రయన్ వాళ్ళ తాత ముచ్చట తీశాడు. ఐర్లండ్‌లో ఆయన ఎన్నోసార్లు గెలిచిన నియోజకవర్గం ఇప్పుడు లేదట, పక్కవాటిలో కలిపేశారట. అక్కడ గెలిచినవాళ్ళందరి పేర్లూ గడగడా చెప్పాడు.

"మాదీ అంతే, హద్దులు మార్చినప్పుడు పోయింది" అన్నాను.

"మీ దగ్గర ఎవరు గెలిచేవారు?" అన్నాడు.

నా నోటికి నీ పేరే వచ్చింది. మన ఊరికి బస్సు కావాలని కుట్టుమిషన్ గుర్తు మీద నిలబడ్డావని చెప్పాను. నాన్న సైకిల్ వెనక కూర్చుని ఊరూరూ తిరిగావనీ, డిపాజిట్ కూడా దక్కలేదనీ చెప్పాను. గెలిచినాయన ముందుగా వేయించింది ఆ బస్సే. జనం ఇప్పటికీ దాన్ని సుశీలమ్మ బస్సే అంటారని కూడా చెప్పాను.

పక్కనే ఉన్న మన కరీంనగర్ రహీం నవ్వాడు. "అన్నా, సారు గెలిచినోళ్ళను అడిగితే నువ్వు ఓడినామె ముచ్చట చెప్తున్నవ్."

"గెలిచినాయన పేరు నాకు యాదికి లేదు" అన్నాను.

నిజంగానే లేదమ్మా.