రెండో ఊపిరి గురించి మనవి

సినిమాల పరిశీలనా కార్యాలయపు ముఖ్య అధికారి గారి సముఖమునకు,

అయ్యా,

విషయం: నా చిత్రంలో వినిపించుచున్న ఊపిరి చప్పుడును తొలగించవలెనన్న తమ ఉత్తర్వును రద్దు చేయుట గురించి.

తమకు విన్నవించుకొనునది ఏమనగా:

1. నేను సొంతంగా సినిమాలు తీసుకునేవాణ్ణి. కథ, దర్శకత్వం, కెమెరా, నటన, కూర్పు, నిర్మాణం, మాడిపోయిన లైటు మార్చుట, అన్నీ నావే. బంధువుల్లో నాకు ‘సర్వం తానే’ అని పేరు పడింది. నేను ముట్టుకోని పని ఒక్కటే, శబ్దం. అది మా ఆవిడ చూసుకునేది. కర్రకు మైకు కట్టుకుని, చెవులకు హెడ్‌ఫోన్లు తగిలించుకుని నా వెనకే తిరిగేది.

2. సన్నివేశం పూర్తయ్యాక ఆ గది నిశ్శబ్దాన్ని కాసేపు రికార్డు చేసుకోవడం మా వృత్తిలో పద్ధతి. కూర్పులో మాటకీ మాటకీ మధ్య దాన్నే పరుస్తాం. ఆ పనికి ముందు మా ఆవిడ ఫ్యాను ఆపించేది. నాకు కాలు నిలవదు గనుక, “డైరెక్టరు గారూ, మీరు బయటికి దయచేస్తే గది ఏమంటోందో వింటాను,” అని నన్ను పంపి తలుపు వేసుకునేది. అయ్యాక “ఇక రండి” అని పిలిచేది.

3. ప్రస్తుత చిత్రం సగంలో ఉండగా ఆవిడ జబ్బు చేసి పోయింది. మైకును కుర్చీకి కట్టి మిగతా సగం నేనే తీశాను. ఇప్పటికీ ఇరుకు నడవాలో, ఆవిడ వెనకే వస్తున్నట్టు, ఆ కర్రకు దారి వదిలి పక్కకు ఒరిగి నడుస్తున్నాను. కొత్త సన్నివేశాల కింద కూడా ఆవిడ రికార్డు చేసిన నిశ్శబ్దాన్నే పరిచాను. అందులో ఆవిడ ఊపిరి ఉందని తెలిసే పరిచాను.

4. తమ సభ్యులు చిత్రం చూసి నన్ను పిలిపించారు.

“ఇంట్లో ఒంటరిగా ఉన్న మనిషి కథ అని మీరే రాశారు. మరి పక్కన ఊపిరి పీలుస్తున్నది ఎవరండీ?”

“మా ఆవిడండి.”

“అయితే ఆవిడ సమ్మతి పత్రం తెండి.”

“ఆవిడ లేదండి.”

“వారసుల సంతకమైనా సరే.”

“వారసుణ్ణి నేనేనండి.”

“నిర్మాత?”

“అదీ నేనేనండి.”

సమ్మతి ఇచ్చేవారూ పుచ్చుకునేవారూ ఒకరే కావడం నిబంధనలకు విరుద్ధమని, కనుక ఆ చప్పుడు తీసేయమని సెలవిచ్చారు. ఇన్నేళ్ళూ అన్ని పనులూ ఒక్కణ్ణే చేసినందుకు ఎవరూ తప్పు పట్టలేదు. ఈ ఒక్క పనికి మాత్రం ఇద్దరు కావాలట.

5. ఉత్తర్వును పాటించే ప్రయత్నం కూడా చేశాను. అదే గదిలో ఫ్యాను ఆపి, మైకు పెట్టి, బయటికి వచ్చి తలుపు వేశాను. ఎంతసేపటికీ ఎవరూ పిలవలేదు. పిలవరని తెలుసు, అయినా కాలు కదలక అక్కడే నిలబడిపోయాను. తరువాత ఆ రికార్డు విన్నాను. అందులో ఎవరి ఊపిరీ లేదు. ఆవిడ ఊపిరి విన్నప్పుడు నాకెప్పుడూ భయం వేయలేదు. ఇది విన్నప్పుడు వేసింది. హెడ్‌ఫోన్లు తీసేసి వీధిలోకి వచ్చి, మనుషులున్న చోట కూర్చున్నాను.

కావున భర్తగా నేను ఇచ్చిన సమ్మతిని నిర్మాతగా నేనే స్వీకరించుటకు అనుమతించి, ఆ ఊపిరిని ఉన్నచోటనే ఉండనివ్వవలసినదిగా వేడుకొనుచున్నాను. ఇంతకు మించి అడగడానికి నాకేమీ లేదని చిత్తగించవలెను.

ఇట్లు,
తమ విధేయుడు,
రచయిత, దర్శకుడు, ఛాయాగ్రాహకుడు, నటుడు, కూర్పరి, నిర్మాత
(శబ్దం మాత్రం నాది కాదు)

తా.క.: ఆ నిశ్శబ్దం ఒక్కటీ విడిగా జతపరిచాను. వినే ముందు తమ గదిలో ఫ్యాను ఆపించండి, ఆవిడకు ఆ చప్పుడు పడదు. నేను తలుపు బయటే ఉంటాను. అయ్యాక “ఇక రండి” అని ఎవరైనా ఒక్కసారి పిలవండి.