తాళాలాయన గోడ

శ్రీవారికి,

అత్తయ్యా నేనూ కులాసా. మీ ఓడ ఈ ఉత్తరం అందే రేవుకు చేరేసరికి మీరూ అలాగే ఉంటారని నమ్ముతున్నాను. మీ వంటలో ఉప్పు తగ్గిందో లేదో ఆ ఓడలో వాళ్లే చెప్పాలి.

మీరు వెతికిన ఊదా చొక్కా బీరువా వెనక దొరికింది. అత్తయ్య మందులు వేళకే వేసుకుంటున్నారు, నన్ను తిడుతూనే. ఇక కేసు. “ఏమైనా సరే తగ్గకు” అని రాశారు. అది చెప్పేముందు మీ అమ్మ సంగతి చెప్పాలి. కంగారు పడకండి, ఇప్పుడు నా పక్కనే కూర్చుని ఏం రాస్తున్నానో తొంగి చూస్తున్నారు.

వాయిదా రోజు పొద్దున నేను కోర్టుకు బయలుదేరుతుంటే ఆవిడ కళ్లు తిరిగి మెట్ల మీద పడిపోయారు. తల పగిలింది. నా కేక విని ముందుగా వచ్చింది పక్కింటి తాళాలాయన. మన కిటికీకి అడ్డంగా గోడ లేపి నా కుట్టుమిషనుకు వెలుగు లేకుండా చేసినవాడు, మనం కేసు వేసిన మనిషే. కోర్టు కోసమని తన తాళాల కొట్టు మూసి, ఇస్త్రీ చొక్కా వేసుకుని ఉన్నాడు. అత్తయ్యను చేతుల మీద ఎత్తుకుని మెట్లు దిగి, ఆస్పత్రి మంచం మీద పడుకోబెట్టేదాకా వదల్లేదు. చొక్కా అంతా రక్తం.

“మీరిక్కడే ఉండండమ్మా. కోర్టులో నేను చెప్తాలే,” అన్నాడు.

దొంగ చేతికి తాళాలిచ్చినట్టే అనుకున్నాను. మూడుసార్లు పిలిచినా కేసు వేసినవాళ్లు పలకకపోతే కొట్టేస్తారు కదా. ఆయన ఊరికే కూర్చుంటే చాలు, గెలిచినట్టే. మన లాయరు గారు వేరే హాల్లో ఉన్నారట. బంట్రోతు నా పేరు పిలవగానే తాళాలాయనే లేచి, “ఆమె అత్తగారు ఆస్పత్రిలో ఉన్నారు సార్, మధ్యాహ్నం దాకా ఆగండి,” అన్నాడట. ఆయన లాయరు చొక్కా పట్టి లాగినా కూర్చోలేదట. మన లాయరు గారి గుమస్తా ఆస్పత్రికి వచ్చి ఇది చెబుతుంటే నాకు ఏడుపు ఆగలేదు.

అత్తయ్యకు కుట్లు వేసి భయం లేదన్నాక, పక్క మంచం ఆవిడకు అప్పగించి కోర్టుకు పరుగెత్తాను.

ఇక దాచను. మధ్యాహ్నం నేను హాల్లోనే ఉన్నాను, వెనక బల్ల మీద. మన లాయరు గారిని బతిమాలి బయటే ఆపేశాను. బంట్రోతు పిలిచాడు, పలకలేదు. మళ్లీ పిలిచాడు. తాళాలాయన వెనక్కి తిరిగి, లేవమన్నట్టు తల ఎగరేశాడు. నేను చేతిసంచి పట్టుకుని కదలకుండా కూర్చున్నాను. మూడోసారి పిలిచాక కేసు కొట్టేశారు.

వరండాలో నా వెంటపడ్డాడు. “ఏమ్మా, నోరు పడిపోయిందా?”

“పొద్దున మా తరఫున మీరు పలికారుగా. అది చాలు,” అన్నాను.

కోపం వస్తే నన్ను తిట్టండి, ఆయన్ని మాత్రం అనకండి. హాజరు కాకపోవడానికి తగిన కారణం చూపిస్తే కేసు మళ్లీ తెరుస్తారట. నేను హాజరయ్యాను కదండీ, ఏ కారణం చూపను?

నిన్న ఆయన సున్నం బకెట్టు పట్టుకుని గుమ్మంలోకి వచ్చాడు. “గోడకు మీ వైపు తెల్లగా వేస్తానమ్మా. మీ పెరట్లో నిచ్చెన వేసుకోనా?” అత్తయ్య కట్టుతోనే వెళ్లి, ఆయన్ని చెడామడా తిడుతూ నిచ్చెన పట్టుకున్నారు.

గోడ గోడలాగే ఉంది. కానీ ఎండ ఆ తెల్లసున్నం మీద పడి మన గదిలోకి వస్తోంది. ఇవాళ దీపం వేయకుండానే సూదిలో దారం ఎక్కించాను.

ఇట్లు,
మీ అమ్మకు కోడలు, మీకు ఇల్లాలు