పడమటి గాలి మళ్ళీ వచ్చే రోజు

ఆర్మూర్,
నవంబర్ 4

ప్రియమైన మీకు,

మస్కట్‌లో ఎండ తగ్గిందని రాశారు, సంతోషం. ఇక్కడ నాకు ఊపిరి సలపడం లేదు. మక్కజొన్న ఆరడానికి గాలి కావాలని అంకాపూర్ వాళ్ళు పొద్దున్నే వచ్చి గుమ్మంలో కూర్చుంటారు. జక్రాన్‌పల్లి రైతు ఒకాయన "జర గా మబ్బుల్ని దాటియ్యమ్మా" అంటాడు. అడిగినవాళ్ళకు అడిగిన గాలిని పిలిచి ఇస్తాను. నా మనసు మాత్రం ఒకచోట నిలవదు.

మార్చిలో జరిగింది మీకు తెలుసు. కల్లంలో పసుపు తడవకూడదని నేను పిలిచిన పడమటి గాలికి షెడ్డు రేకులు లేచి, హమాలీ ముత్తెన్న కాలు పోయింది. రాజం గురువుగారి దగ్గర పన్నెండేళ్ళు గాలినీ కాలాన్నీ చదివాను. ప్రతి గాలీ తాను వీచిన గంట కాలాన్ని మోసుకునే తిరుగుతుంది. ఆ గాలి మూడు నెలలకోసారి మన ఊరి మీదికి వస్తుంది. డిసెంబర్ 9న మళ్ళీ వస్తోంది. ఆ గంటను పట్టుకొని అందులో జరిగింది మార్చాలనుకుంటున్నాను. ఇంతవరకు ఎన్నడూ చేయని పని, భయంగా ఉంది. మీరు సరేనంటే ధైర్యం వస్తుంది.

మీ రుచిత

మస్కట్,
నవంబర్ 14

ప్రియమైన రుచితా,

వద్దు. జనవరిలో వస్తున్నాను, కూర్చొని మాట్లాడుకుందాం. అందాకా ఆ గాలి జోలికి పోకు. వేళకు తిను.

నీ నాగేందర్

ఆర్మూర్,
నవంబర్ 22

ప్రియమైన మీకు,

పెళ్ళయిన తొమ్మిదేళ్ళలో ఇంత పొట్టి ఉత్తరం ఎన్నడూ రాయలేదు మీరు. కారణం కూడా చెప్పలేదు. గాలి విద్య పట్టినవాళ్ళు ఫోను ముట్టకూడదు, లేకపోతే అడిగేసేదాన్ని.

నిన్న ముత్తెన్నను చూసి వచ్చాను. క్వింటాల్ బస్తా మోసిన మనిషి, భార్య కమలవ్వ పక్కన కూర్చొని బీడీల ఆకు కత్తిరిస్తున్నాడు. "ఫికర్ చెయ్యకు బిడ్డా, నువ్వు మంచికే పిలిచినవ్. గాలే మాట వినలే" అన్నాడు. తిట్టినా బాగుండేది. కమలవ్వ నా తల చూసి "ముప్పై నాలుగేండ్లకే గిట్ల నెరిసిందేందమ్మా?" అంది. ఈ ఆర్నెల్లలో సగం తెల్లబడింది, దిగులుకే కావచ్చు.

జనవరికి ఆ గాలి ఉండదు. మీ జవాబు కోసం ఆగను.

మీ రుచిత

మస్కట్,
డిసెంబర్ 1

ప్రియమైన రుచితా,

నా గదిలో ఉండే దేవిదాస్ ఊరికి వస్తున్నాడు. పోస్టును నమ్మక అతని చేతికిస్తున్నాను. కమలవ్వకు ఫోన్ చేసి చెప్పిద్దామనుకున్నాను. కానీ ఇది ఇంకొకరి నోట వినే మాట కాదు.

ఆ గంటను నువ్వు ఇప్పటికే రెండుసార్లు మార్చావు. గంట మారితే అక్కడ అందరి జ్ఞాపకాలూ మారిపోతాయి, నీవీ, నీ దగ్గరున్న నా ఉత్తరాలూ కూడా. సముద్రం ఇవతల ఉన్న నేను మారలేదు. నాకు చేరిన నీ ఉత్తరాలూ మారలేదు.

ఏప్రిల్‌లో నువ్వు రాసిన ఉత్తరంలో ఎవరికీ దెబ్బ తగల్లేదు. గాలి బలం చాలక పసుపు తడిసింది, కల్లంలో అందరూ నవ్వారు, అంతే. తల ఎత్తుకోలేకపోతున్నాను, ఆ గంటను మార్చేస్తాను అన్నావు. నా భార్యను చూసి నవ్వుతారా అన్న రోషంతో, మార్చమని రాసింది నేనే. జూన్‌లో మార్చావు. మారిన ఆ మార్చి గంటలో గాలి ఎక్కువై ముత్తెన్న చెయ్యి విరిగింది. దాన్ని సరిచేస్తానని సెప్టెంబర్‌లో మళ్ళీ పూనుకున్నావు. కాలు పోయింది. ప్రతిసారీ ఇదే మొదటిసారి అని రాస్తావు. నీ తల నెరిసింది దిగులుతో కాదు. మార్చిన ప్రతి గంటా నీ ఆయుష్షులో కొన్నేళ్ళు తీసుకుంటోంది.

ముందే చెప్పాల్సింది. చెబితే నా తప్పు కూడా బయటపడుతుందని దాచాను. ఏప్రిల్‌ది, జూన్ తర్వాత రాసింది, నీ పాత ఉత్తరాలు రెండూ ఇందులో పెట్టాను. నీ చేతిరాతే, చూసుకో.

నీ నాగేందర్

ఆర్మూర్,
డిసెంబర్ 12

ప్రియమైన మీకు,

దేవిదాస్ ఆరో తారీఖున వచ్చాడు. రెండు రోజులు మీ మీద కోపంతో ఇల్లంతా తిరిగాను. తర్వాత నా పాత ఉత్తరాలు చదివాను. మొదటి దాంట్లో నాలుగు పేజీల నిండా నా అవమానమే.

తొమ్మిదిన పొద్దున్నే ముత్తెన్న ఇంటికి వెళ్ళి అంతా చెప్పేశాను. కమలవ్వ కత్తెర కింద పడేసి "బిడ్డ బిడ్డ అని పిలుస్తిమి గదనే!" అంటూ లోపలికి పోయింది. ముత్తెన్న ఆ కత్తెర తీసి ఆకుల చాటలో పెట్టి అడిగాడు.

"అంటే నా రెండు కాళ్ళు మంచిగనే ఉండెనా?"

"ఉండె కాకా."

"నలుగురు నవ్విండ్రని గింత పని జేసినవా?"

అవునన్నాను.

"ఇంకోసారి మారిస్తే కాలు వస్తదా?"

"తెలియదు. నీ ప్రాణమే పోవచ్చు."

నన్ను పొమ్మనలేదు. మధ్యాహ్నానికి ఆ గాలి వచ్చింది. చాటలోని ఆకులు లేచాయి. ఈసారి తప్పు జరగదు, ఈసారి కొలత నాకు తెలుసు అనిపించింది. ఒట్టు, అంత తెలిసి కూడా అలాగే అనిపించింది. లేచి నిలబడ్డాను. ముత్తెన్న నా మణికట్టు పట్టుకున్నాడు.

"కూసో" అన్నాడు.

గాలి వాకిలి దాటి భీమ్‌గల్ గుట్టల వైపు పోయేదాకా వదల్లేదు. పోయాక, ఉన్న ఒక్క మోకాలి మీద తల ఆనించి ఏడ్చాడు. నేను పక్కనే కూర్చున్నాను. ఓదార్చే అర్హత నాకు లేదు.

నిన్న మళ్ళీ వెళ్ళాను. కమలవ్వ తలుపు తీయలేదు. రేపూ వెళ్తాను. జనవరిలో మీరు దిగగానే ముందు మన ఇంటికి కాదు, ఆ ఇంటికి వెళ్దాం. మార్చమని రాసింది మీరే కదా, ఆ మాట మీ నోటితో మీరే చెప్పాలి.

మీ రుచిత