పదముగ్గురు ఓటర్ల ఊరు

ఖురం, మస్కట్
11-1-2009

నా బంగారు చెల్లెలు మల్లీశ్వరికి, అక్క ఓబుళమ్మ మస్కట్ నుంచి రాయడమేమంటే,

నీ మోకాళ్ళ నొప్పి ఎట్లుంది? పొద్దున్నే చన్నీళ్ళలో కాళ్ళు పెట్టొద్దని ఎన్నిసార్లు చెప్పినాను! మరిది చెన్నయ్యకు దగ్గు తగ్గిందా? బీడీ నిజంగా మానినాడా, మానినానని నీకు చెప్పి చేని గట్టున తాగుతున్నాడా? వీరబ్రహ్మం మోటారుసైకిలు మెల్లగా నడుపుతున్నాడా? కోడలికి ఏడో నెల కదా, మెట్లు దిగేటప్పుడు ఎవరైనా చెయ్యి పట్టుకుంటున్నారా? మన ఇంట్లో మెట్లు లేవని నాకు తెలుసు. అయినా అడుగుతున్నాను. ఎర్రావు ఈనిందా, దూడ నిలబడిందా? నేను బాగున్నాను. కుడి కన్ను అదురుతోంది, అంతే.

ఫోనులో చెప్పలేని మాట ఒకటి ఉంది. ఫోనంటే నీవు స్పీకరు పెడతావు, వీధంతా వింటుంది. ఈ ఉత్తరం చదివి పొయ్యిలో వెయ్యి.

పోయిన ఎండాకాలం, మళ్ళీ దసరాకు, నేను పనిచేసే ఇంటి పెద్ద మేడం నోరా సెలవు ఇవ్వలేదని నీకు చెప్పినాను. నీవు ఆమెను రాతిగుండెది అన్నావు, ఇంకా ఏమేమో అన్నావు. నేను విని నోరు మూసుకున్నాను. మల్లీ, అది అబద్ధం. ఆ మేడం రెండుసార్లూ సెలవిచ్చింది. రెండోసారి టికెట్టు కూడా తీయించింది. వద్దన్నది నేనే. ఎనిమిదేండ్లు ఆమె ఉప్పు తిని ఆమె మీదే అబద్ధం చెప్పినాను.

ఎందుకు వద్దన్నానో చెప్తాను, తిట్టొద్దు. పోయిన ఏడాది వీరబ్రహ్మం ఫోనులో, ‘పెద్దమ్మా, మన లక్కిరెడ్డిపల్లె నియోజకవర్గం తీసేసినారు, రాయచోటిలో కలిపినారు’ అన్నాడు. వాడు నవ్వుతూ అన్నాడు. నాకు మాత్రం భయం పట్టుకుంది. ఇక్కడ ఘాలా అనే పేటలో గంగాధరం అని కరీంనగర్ వైపు మనిషి ఉన్నాడు. అతని కంపెనీ పేరును ప్రభుత్వం రిజిస్టరులోంచి కొట్టేసింది. కంపెనీతోపాటే వీసా పోయింది, బతాకా పోయింది. బతాకా అంటే ఇక్కడి గుర్తింపు కార్డు. మనిషి నిక్షేపంగా ఉన్నాడు, కాగితంలో లేడు. ఐదు నెలలు ఎంబసీ చుట్టూ తిరిగినాడు. ఈ దేశంలో పైది పోతే కిందివాళ్ళందరూ పోయినట్టే. మరి నియోజకవర్గమే పోతే అందులో మనుషుల గతి ఏమిటి? నా పాస్‌పోర్టులో లక్కిరెడ్డిపల్లె అని రాసుంటుంది కదా. మద్రాసు ఎయిర్‌పోర్టులో ఆ ఆఫీసరు, ఈ పేరుతో ఏమీ లేదే, నీవు ఎక్కడిదానివి అంటే నేనేం చెప్పాలి? ఇటు రానిచ్చేవాళ్ళు ఉండరు, అటు పోనిచ్చేవాళ్ళు ఉండరు.

అందుకే ఒక నిర్ణయానికి వచ్చినాను. ఇక రాను. చేతనైనంత కాలం ఇక్కడే ఉంటాను. కోడలి బిడ్డను నేనే మొదట ఎత్తుకోవాలని నీవు పట్టుబట్టినావు. ఆ బిడ్డను ఫోటోలో చూసుకుంటాను. నా మీద కోపం పెట్టుకో, మేడం మీద పెట్టుకోవద్దు.

నీ అక్క,
ఓబుళమ్మ

ఖురం
22-2-2009

నా తల్లి మల్లీశ్వరికి,

నీ ఫోను వచ్చినాక రెండు రోజులు నాకు నీ మాటలే చెవుల్లో మోగినాయి. ‘ఏమ్మే అక్కా, నీ బుర్ర యాడ పెట్టినావు? నియోజకవర్గం పోతే ఊరు పోతాదా? ఊరు ఈడ్నే ఉండాది. పొద్దున్నే కొళాయి కాడ ఇద్దరు బిందెలతో కొట్టుకున్న్యారు, కావాల్నంటే వచ్చి చూడు!’ అన్నావు. నవ్వొచ్చింది, కానీ నమ్మకం రాలేదు. నన్ను రప్పించడానికి నీవు ఎన్నైనా చెప్తావు. చిన్నప్పుడు పాము లేదని చెప్పి నన్ను దొడ్లోకి పంపిందీ నీవే కదా.

ఇప్పుడు నిన్నటి సంగతి విను. పెద్ద మేడందీ ఒక చిన్న ఊరే, ఐర్లండు దేశంలో. కొడుకు ఇక్కడ చమురు కంపెనీలో ఇంజనీరు కాబట్టి ఆమె ఇక్కడ ఉంది. రెండేండ్లుగా ఏదో పుస్తకం రాస్తోందని తెలుసు గానీ, ఏమిటో నేను అడగలేదు. నిన్న సాయంత్రం టీ తాగుతూ కొంత చదివి వినిపిస్తానంది. నాకు ఇంగ్లీషు నాలుగు పని మాటలు తప్ప రాదు కదా, పక్క విల్లాలో పనిచేసే మన వైపు మనిషి జైనబీని పిలిచినాను. ‘యాడిదో ఊరి కత మనకెందుకు ఓబుళక్కా, సమోసాలు ఉంటే వస్తా’ అంటూ వచ్చింది.

మల్లీ, అది ఆమె ఊరి నియోజకవర్గం చరిత్ర! ఒకప్పుడు ఆ ఊరికంతా పదముగ్గురే ఓటర్లంట. ‘పదముగ్గురా! మా ఇంట్లో పెండ్లికి వంటోళ్ళే అంతమంది’ అంది జైనబీ. ఆ పదముగ్గురూ దొర మనుషులే. దొర ఎవర్ని చూపిస్తే వాళ్ళనే పెద్ద సభకు పంపేవాళ్ళంట. తర్వాత ఇంకొంతమందికి ఓటిచ్చినారు గానీ, అందరి ముందూ నిలబడి ఎవరికి వేస్తున్నదీ నోటితో చెప్పాలంట. దొర గుమాస్తా అక్కడే నిలబడి వింటాడు. ‘ఇంగ కౌలుకున్నోడి గతేమిమే!’ అని జైనబీ సమోసా పక్కన పెట్టేసింది. ఆ తర్వాత ఎన్నో ఏండ్లకు చాటుగా చీటీ వేసే పద్ధతి వచ్చిందంట. హమ్మయ్య అనుకునేలోపు మేడం చివరి కాగితం తిప్పి, ‘పద్దెనిమిది వందల ఎనభై అయిదులో ఈ నియోజకవర్గం తీసేసినారు, జిల్లాలో కలిపేసినారు’ అని చదివింది.

నోరు ఆగలేదు. ‘జైనబీ, అడుగు, ఆ ఊరోళ్ళు ఏమైనారో అడుగు! వాళ్ళకు పాస్‌పోర్టు ఎవరిచ్చినారు? ఈమె ఈడికి ఎట్లొచ్చింది?’ అన్నాను. జైనబీ నన్ను ఎగాదిగా చూసి ఆ మాట చెప్పింది. అంతటితో ఆగిందా? నా భయం, గంగాధరం కథ, నేను చెప్పిన అబద్ధం, నీవు తిట్టిన తిట్లు, అన్నీ చెప్పేసింది! కొంగు మొహానికి అడ్డం పెట్టుకున్నాను. ఉద్యోగం పోయిందనే అనుకున్నాను.

మేడం టీ కప్పు పక్కన పెట్టింది. లేచి లోపలికి పోయింది. పెట్టె సర్దుకోమంటుందేమో అనుకున్నాను. ఒక పాత ఫోటో తెచ్చి నా ఒళ్ళో పెట్టింది. పెద్ద టోపీ పెట్టుకున్న ఆడమనిషి. ‘మా నాయనమ్మ. ఆడవాళ్ళకు ఓటొచ్చిన ఏడాది, పెండ్లినాటి టోపీ పెట్టుకుని ఓటేసి వచ్చింది. అప్పటికి మా ఊరి పేరు నియోజకవర్గాల పట్టీలోంచి పోయి ముప్పై ఏండ్లు దాటింది. పేరున్నన్నాళ్ళూ ఆమె వంశంలో ఒక్క ఆడమనిషికీ ఓటు లేదు. పేరు పోయినాకే వచ్చింది’ అంది. జైనబీ ఆ మాట చెప్పేటప్పుడు ఏ మసాలా కలపలేదు. ఆ తర్వాత మేడం తన పాస్‌పోర్టు తెచ్చి విప్పింది. నేను వేలు పెట్టి వెతికినాను. నియోజకవర్గం అనే ముక్కే అందులో ఎక్కడా లేదంట. నా దాంట్లోనూ లేదంట, లక్కిరెడ్డిపల్లె అన్నది ఊరి పేరుగానే ఉందంట. ఎనిమిదేండ్లుగా పరుపు కింద పెట్టుకుని పడుకున్నాను, ఒక్కసారి ఎవరితోనూ చదివించుకోలేదు! ‘దేశం ఇచ్చింది నీకు ఇది, ఎమ్మెల్యే కాదు’ అంది జైనబీ. మేడం కళ్ళద్దాలు జారేదాకా నవ్వింది, నన్ను పట్టుకుని నవ్వింది. నేను ఏడుస్తూ నవ్వినాను. మేడంను చేతులెత్తి క్షమించమన్నాను. ‘ఈమె చెల్లెలు నన్ను ఏమని తిట్టిందో మళ్ళీ చెప్పు’ అని మేడం జైనబీని అడిగింది!

అయినా ఒక్క అనుమానం. ఓటరు జాబితాలో నా పేరు రాయచోటి కిందికి చేరిందో, మధ్యలో ఎక్కడైనా రాలిపోయిందో? వీరబ్రహ్మాన్ని పంపి చూపించు. మెల్లగా పొమ్మను.

నీ పిరికి అక్క,
ఓబుళమ్మ

ఖురం
29-3-2009

బుజ్జమ్మకు నాయనమ్మవైన మల్లీశ్వరికి,

తల్లీబిడ్డా ఎట్లున్నారు? బిడ్డకు బొడ్డు ఊడిందా? కోడలికి పాలు పడుతున్నాయా? చెన్నయ్య బిడ్డ దగ్గరకు బీడీ వాసనతో వస్తే గడప దాటనీయొద్దు. నీకు నిద్ర ఉంటోందా?

వీరబ్రహ్మం జాబితా చూసి వచ్చినాడంట కదా. రాయచోటి నియోజకవర్గం, మన బడిలోనే పోలింగు, నా పేరు నీ పేరుకు పైనే ఉందంట. నీకన్నా ముందు నేనేనా! ఆ మాట విని వంటింట్లో ఒక్కదాన్నే చప్పట్లు కొట్టినాను.

ఇంకొక వార్త. మేడం పుస్తకం ఆ చివరి కాగితం దగ్గర ఆగిపోయింది. నియోజకవర్గం తీసేసిన తర్వాత అక్కడి మనుషులు ఆ మొదటి ఓటు ఎట్లా వేసి ఉంటారో తనకు అంతుబట్టడం లేదంట. చెప్పడానికి ఎవరూ బతికి లేరు. పోయిన వారం ఉన్నట్టుండి జైనబీని పిలిపించి, ‘ఓబుళమ్మా, మీ వాళ్ళు ఇప్పుడు వేస్తారు కదా, నేను చూడొచ్చా?’ అంది. నేను వెంటనే రమ్మన్నాను. ఆ తర్వాత దిగులు మొదలైంది. మన ఎండ ఆమెకు పడుతుందా? మన కారం? ఆమె పొడుగుకు మన మంచం చాలదు, కాళ్ళు బయటికి వస్తాయి, బల్ల ఒకటి జత చెయ్యి. దోమతెర కొను. పప్పులో మిరపకాయలు రెండే వెయ్యి, రెండంటే రెండే. ఊరంతా వచ్చి ఆమెను చుట్టుకుని నిలబడకుండా చూడు. నిలబడినా పర్వాలేదు, ఆమెకు మనుషులంటే ఇష్టం.

నేను వచ్చేదాకా బిడ్డకు పేరు పెట్టకుండా ఉంచినందుకు నీ కాళ్ళు మొక్కాలి, అక్కనై పోయినాను గానీ. టికెట్లు వచ్చినాయి, నా దిండు కింద ఉన్నాయి. ఈసారి రెండుసార్లు చదివించుకున్నాను. మద్రాసు నుంచి కారు. ఇరవై మూడు గురువారం ఓటు, మేడం బడి బయట నిలబడి చూస్తుంది. ఇరవై రెండున బిడ్డకు పేరు పెట్టుకుందాం.

మేము ఇల్లు చేరేది ఏప్రిల్ ఇరవై, సోమవారం, మధ్యాహ్నం భోజనాల వేళకు.

నీ అక్క,
ఓబుళమ్మ, రాయచోటి నియోజకవర్గం